మామగారి నోటికి అత్తగారి పూచీ

రాజమండ్రిలో చదువుకుంటున్న మా మనవడు సెలవులకొచ్చి, మనిషి కోపతాపాలూ మంచీ మర్యాదా అన్నీ మెదడులోనే ఉంటాయనీ, దానికి దెబ్బ తగిలితే మనిషే మారిపోతాడనీ దొరల వైద్యులు తేల్చారని మొన్న అరుగు మీద కూర్చుని చెప్పాడు. అయితే ఆ మారిన మనిషి చేసిన తప్పు ఎవరిదిరా అని అడిగితే, అది మా పుస్తకాల్లో లేదన్నాడు. నాకు మాత్రం మా మామగారు కళ్లముందు నిలిచారు.

ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయిన కొత్త రోజులవి. నేను రాజోలు దగ్గర వశిష్ఠ ఒడ్డున, పడవల వాళ్లింటికి కొత్త కోడలిని. మామగారు మలికిపురం కొబ్బరికాయలు ఎత్తుకుని నరసాపురం రేవుకి పడవ నడిపే సరంగు. అత్తగారిని ఒక్క మాట కసిరి ఎరుగరు. పడవ ముందుకొమ్ము మా వాళ్లకి గంగమ్మ ముఖంతో సమానం. దానికి బొట్టు పెట్టి దండం పెట్టుకోనిదే ఆయన పడవెక్కేవారు కాదు. అలాంటి మనిషికి ఒకనాడు గాలి మళ్లి, తెరచాప వాసం తిరిగి నుదుటి మీద తగిలింది. పుండు మానింది గాని మామగారు మానలేదు. నోరు తెరిస్తే బూతు, ఏడవాల్సిన చోట నవ్వు. గోరుచుట్టు మీద రోకటిపోటులా, ఒకరోజు బురద కాళ్లతో ఆ కొమ్ము మీదే ఎక్కి కూర్చుని, వద్దన్న కులపెద్దగారిని తల్లి పేరెత్తి తిట్టారు.

పంచాయతీ పెట్టారు. తిట్టింది ఆయనే అయితే వెలి వేయాలి, ఆయన కాకపోతే ఏట్లో పోయిన ఎవడి దయ్యమో పట్టినట్టు, వాతలు పెట్టి వదిలించాలి అన్నారు. కొమ్ము తొక్కినవాడు మన సరంగు ఎలా అవుతాడు, దయ్యమే అని తేల్చేశారు కూడా. భూతవైద్యుడు పిడకలు రాజేసి ఇనుప కమ్మీ అందులో పెట్టాడు. మా వారు తండ్రి చేయి పట్టుకుని ఏడుస్తున్నారు.

అత్తగారు కొంగు బిగించి మధ్యలోకి వచ్చారు.

“పెద్దయ్యగారూ, ఓ మాటండి. ఈయన్ని చుక్కాని కాడ కూర్చోబెట్టండి, మీరూ పడవెక్కండి. మొన్న వరదకి పడ్డ ఇసుక మేటలు ఎప్పుడో పోయినోడి దయ్యానికి ఎలా తెలుస్తాయండి?”

కులపెద్దగారికి ఎక్కక తప్పింది కాదు. అత్తగారు నన్నూ లాక్కెళ్లారు. పడవ అంచు పట్టుకుని గంగమ్మను తలుచుకుంటూ కూర్చున్నాను. మామగారు ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డు దాకా అందరినీ తిడుతూనే ఉన్నారు గాని, పడవ అడుగుకి ఎక్కడా ఇసుక తగలనివ్వలేదు.

దిగాక కులపెద్దగారు ముఖం తుడుచుకుని, “సరేనమ్మా, దయ్యం కాదు. అంటే నన్నన్నది నీ మొగుడేగా, మరి వెలెయ్యమంటావా?” అన్నారు.

“అన్నది ఆ దెబ్బండి. జ్వరమొచ్చినోడి ఒళ్లు కాలిందని వాణ్ణి కొడతామాండి? కానీ మీరు పడ్డ మాట పడ్డారు, ఆ బాధ నిజమేనండి. ఇకమీదట ఈయన నోటికి నేను పూచీ. ఎవర్నేమన్నా నన్నడగండి.”

అలా అని ఆవిడ కులపెద్దగారి కాళ్లకి మొక్కారు. ఆయన మీసం నిమురుకుని, “ఆయ్, అలాగే కానీ” అని వెళ్లిపోయారు. కమ్మీ చల్లారిపోయింది.

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. నోరు చెడిన మనిషితో అదే ఊళ్లో కాపురం చేసి చూపించారు మా అత్తగారు. మామగారు బతికినన్నాళ్లూ ఆయన వెనకాలే నడిచి, గుమ్మం గుమ్మం దగ్గరా చేతులు జోడించారు. ఆయన మళ్లీ పాత మనిషి కాలేదు. అయినా ఈయన మా ఆయన కాదని ఆవిడ ఒక్కనాడూ అనలేదు. విసుగు రాలేదని కాదు. పెరట్లో గిన్నెలు విసిరికొట్టడం చూశాను, కాసేపటికి వంగి వాటిని ఏరుకోవడమూ చూశాను. ఆ పట్టుదలంటే నాకు అప్పుడు భయం, ఇప్పుడు ప్రాణం.

ఇప్పుడు వాతలు తగ్గాయి, ఆ మేలు కాదనను. తల చెడిన మనిషిని పట్నం ఆసుపత్రికి పంపేసి, ఎవరి తప్పూ లేదని అందరూ చేతులు దులుపుకుంటున్నారు. ఒకరి నోటికి ఇంకొకరు పూచీ పడటం మళ్లీ నేను చూడలేదు. ఈమధ్య నాకూ మాట అదుపు తప్పుతోంది. నిన్న కోడలిని అనరాని మాట అన్నానట, నాకు గుర్తే లేదు. అది విన్నప్పటి నుంచీ వీధిలోకి వెళితే, నా వెనక ఎవరైనా వస్తున్నారేమోనని తిరిగి చూసుకుంటున్నాను.