ఎవులు సెప్పినారు?

మా పెద్దమ్మ ఏ మాటనూ ఊరికే నమ్మేది కాదు. పక్కింట్లో పెళ్లి కుదిరిందన్నా, చేపల ధర తగ్గిందన్నా, ఎడమకన్ను చికిలించి "ఎవులు సెప్పినారు?" అని అడిగేది. చెప్పిన మనిషెవరో తెలిశాకే మిగతాది వినేది.

మా ఊరు బాగన్ దాతుక్‌లో మేం పనిచేసే కొబ్బరితోట లారీ కాలువలో బోల్తాపడి, దాన్ని నడుపుతున్న పెదనాన్న పోయాడు. చాలా ఏళ్లకి ఆ సంగతి మీద సినిమా తీస్తానంటూ కౌలాలంపూర్ నుంచి ఒక దర్శకుడు వచ్చాడు. జరిగింది జరిగినట్టే తీస్తానని తమిళంలో ఒట్టు పెట్టాడు.

"జరిగినప్పుడు ఈయన ఏడున్నాడంట? అడుగు లా" అంది పెద్దమ్మ నాతో, అక్కడి అలవాటుకొద్దీ చివర "లా" తగిలించి. అతనికి కాఫీ ఇచ్చింది గానీ ఒక్క ముక్క చెప్పలేదు. అతను అడిగినవాటికి జవాబులు చెబుతూ కారుదాకా సాగనంపింది నేనే.

కౌలాలంపూర్ బ్రిక్‌ఫీల్డ్స్‌లో ఒక హాల్లో ఆ సినిమా వేసి, మమ్మల్ని ముందు వరసలో కూర్చోబెట్టారు. తెరమీద పెద్దమ్మ వేషం కట్టిన అమ్మాయి కాలువగట్టు వెంట పరుగెత్తుతూ మొగుణ్ణి పేరుపెట్టి పిలుస్తూ గుండెలవిసేలా ఏడ్చింది. హాలంతా ఏడ్చింది. నేనూ ఏడ్చాను.

పెద్దమ్మ ఏడవలేదు. భర్త పేరు ఆవిడ నోట ఎన్నడూ రాలేదు. తోటలో అందరూ ఆయన్ని "డ్రైవరు మావ" అనే పిలిచేవాళ్లు. ఆఫీసుల్లో పేరడిగితే ఆవిడ నావైపు చూసేది, నేను చెప్పేవాణ్ణి.

ఆ చీకట్లో ఎడమకన్ను చికిలించి నావైపు తిరిగింది.

"ఆ పేరు ఈళ్లకి ఎవులు సెప్పినారు?"

జవాబు కోసం మాత్రం ఆగలేదు.