తాళం వేసిన ఇంట్లో వెలుగు

పోయినేడు అల్లూరు దగ్గర రొయ్యల గుంటల మీద పనికి కుదిరి, అక్కడే షెడ్డులో ఉండేవాణ్ణి. నా భార్య గొడవపడి పుట్టింటికి వెళ్లి అప్పటికి రెండు నెలలు. కోవూరులో మా ఇంటికి తాళం. రెండో తాళంచెవి ఆమె దగ్గరే ఉంది.

ఒక సాయంత్రం పక్కింటి అక్క ఫోన్ చేసింది. "మీ ఇంట్లో లైటు వెలగతా ఉండాదబ్బాయ్. మీయామె వచ్చినట్టుండాది."

ఆమెకిష్టమైన మలైకాజాలు కట్టించుకుని బండి మీద వెళ్లాను. తలుపుకు వేసిన తాళం వేసినట్టే ఉంది. తీసి చూస్తే లోపల, కిటికీ పక్కన, మేమిద్దరం రోజూ ఆడుకున్న వీడియోగేమ్ బాక్సు లైటు వెలుగుతోంది. నేను ఊళ్లో లేకపోయినా దానంతటదే ఆన్ అయి అప్‌డేట్ అయ్యేలా పెట్టి వచ్చిన సంగతి అప్పుడు గుర్తొచ్చింది.

"ఏదబ్బాయ్ మీయామె?" అంటూ అక్క గుమ్మంలోకి వచ్చింది. కాజాల పొట్లం అక్క చేతిలోనే పెట్టాను.

ఆ సెట్టింగ్ తీసేయడం ఒక్క నిమిషం పని. ఇంకా తీయలేదు. అక్క మళ్లీ అలా ఫోన్ చేస్తే, కాజాలు కొనేంతసేపయినా నమ్మొచ్చని.