తుపాను క్యాసెట్ ఊరు దాటబోతోంది

తుపాను వచ్చినప్పుడు మన ఊళ్లో తీసిన వీడియో క్యాసెట్‌ను సినిమా కంపెనీకి అప్పగించడానికి వీడియో షాపు సత్తిబాబుగారు ఒప్పేసుకున్నారు. ఉన్నది ఆ ఒక్కటే! ఈ మధ్యాహ్నం షాపుకి వెళితే కంపెనీ మేనేజరు కూల్‌డ్రింకు తాగుతూ కూర్చున్నాడు. సినిమా పేరు చెప్పడు, తిరిగిస్తానని రాసివ్వడు. కాపీ తీసుకోమంటే బొమ్మ మసకబారుతుందంటాడు.

“అందులో కొడుకు శవం దగ్గర ఏడుస్తున్నది మా మేనత్తండి,” అన్నాను.

“ఆయ్, ఆ ఏడుపే కావాలంటన్నారండి బాబూ! వరద సీనులో పెడతారంట,” అని సత్తిబాబుగారు మురిసిపోయారు.

అత్త ఇంట్లో ఫోటోలన్నీ నీళ్లపాలయ్యాక, ఆ పోయిన మా బావ ముఖం మిగిలింది ఆ క్యాసెట్లోనే. మేనేజరు రేపు తొలి బస్సుకే వెళతాడట. అది తిరిగొస్తుందని నాకైతే నమ్మకం లేదు, మీకుందా? నమ్మకం లేనివాళ్లంతా పొద్దున్నే ఐదింటికి అమలాపురం బస్టాండుకి రండి. అతన్ని ఆపి, షాపులో కాపీ తీయించి ఇచ్చి పంపుదాం, అసలుది అత్తకిద్దాం.