తువ్వాలు వేసిన సీటు

మా ఆయన సామ్యేలు ముప్పై ఏళ్లు మాచర్ల దగ్గర నాపరాళ్ల క్వారీలో రాయి కోశాడు. ఏడాది మొత్తానికి మేడే ఒక్కటే సెలవు. ఆ రోజు కూలీలంతా బస్సు మాట్లాడుకుని ఎత్తిపోతల జలపాతానికి పోయేవారు. నన్నూ రమ్మని ప్రతి ఏడూ అడిగేవాడు. సోమరిపోతుల తిరుగుళ్లు నాకు పడవని చెప్పి, మిరపకాయల తొడిమలు తీయడానికి పోయేదాన్ని. ఒక్కరోజు కూడా పని మానని ఆడదాన్నని పేటంతా చెప్పుకునేది. దానికే మురిసిపోయాను.

తిరిగొచ్చాక ఆరు నెలలు ఆ కబుర్లే. మిగిలిన ఆరు నెలలు వచ్చే మేడే గురించి. నేను చెవిన పెట్టేదాన్ని కాదు. అంత దుమ్ములోకి మనిషి ఈల వేసుకుంటూ పోయేవాడంటే ఆ ఒక్క రోజు చలవే. నాకు అప్పుడు తెలియలేదు.

ఇప్పుడు ఆ దుమ్మంతా ఊపిరితిత్తుల్లో పేరుకుంది. నెల నుంచి మంచం, పోయిన వారమంతా జావ కూడా ముట్టలేదు. తినకపోతే దక్కడని నరసరావుపేటలో డాక్టరు చెప్పాడు. పాస్టరుగారు ప్రార్థన చేశారు, నేను తిట్టాను. దేనికీ నోరు తెరవలేదు. సోమవారం మాత్రం, "మేడే సంగతులు చెప్పవే" అన్నాడు.

పోనిదాన్ని, ఏం చెప్పను? కింద మడుగులో ఎర్రచేపలు తిరుగుతాయని తోచింది చెప్పాను.

"చేపలేందే? మొసళ్లు" అన్నాడు విసుగ్గా.

నోరు తెరిచాడు కదా, చెంచాడు జావ పోశాను. మింగాడు.

దారి దొరికిందనుకున్నాను. మూడు రోజులు కావాలనే తప్పులు చెప్పాను. దిద్దినప్పుడల్లా ఒక చెంచా. బస్సులో నిలబడి పోయేవారట కదా అన్నాను.

"నిలబడేదేంది? కిటికీ పక్కన తువ్వాలేసి నీకు సీటు పట్టేవాణ్ణి. నువ్వు వచ్చి చచ్చావా?"

ఆ సీట్లో ఎవరినీ కూర్చోనిచ్చేవాడు కాదట. ఇన్నేళ్లలో ఆ మాట నాకు చెప్పలేదు.

ఇవాళ పొద్దున, అక్కడ నీళ్లు కింద నుంచి పైకి పోతాయని చెప్పాను. అంత అబద్ధానికి కూడా కోపం రాలేదు.

"అవునే" అన్నాడు. "నువ్వూ వచ్చావుగా. చానా తడిశావు."

చెంచా చేతిలోనే ఉండిపోయింది. ఆయన్ను దిద్దడానికి నాకు నోరు రాలేదు. తడిశానయ్యా అన్నాను.

"ఏం చీర కట్టావే ఆ రోజు?"

జవాబు కోసం నా ముఖం వంకే చూస్తున్నాడు. మేడేలన్నీ మిరప ఘాటులో కూర్చున్నదాన్ని. ఏ చీరని చెప్పను?