గోవిందరాజులుగారు మైకు పట్టిన మూగ సినిమా

జర్మనీలోని కైసర్స్‌లౌటర్న్ ఊళ్లో ఉండే తెలుగువాళ్లలో గోవిందరాజులుగారి నోటికి అడ్డూ ఆపూ లేదని అందరికీ తెలుసు. పార్కింగ్ దగ్గర్నుంచి పప్పుచారు దాకా ఏ విషయమైనా సరే, ఎదుటివాడు నోరు తెరిచేలోపు ఆయన తీర్పు చెప్పేసేవారు. ఇంట్లో ఇంకా సుఖం, భార్య చంద్రిక మాటలు కూడా ఆయనే మాట్లాడేసేవారు. ఆమెకు ఫ్రైబర్గ్‌లో ఓ ల్యాబ్‌లో ఉద్యోగం వచ్చింది. రోజూ వెళ్లొచ్చే దూరం కాదు, అక్కడే గది తీసుకోవాలి. "మా ఆవిడకి ఇష్టం లేదండీ," అని ఆయన ఊరంతా చాటేశారు. ఆమెను అడగడానికి మాత్రం, పాపం, తీరిక దొరకలేదు.

ఎప్పుడూ మన సినిమాలేనా, కాస్త కల్చర్ పెంచుకుందామని ఆ శనివారం తెలుగు సంఘంవాళ్లు పాత జపాన్ మూగ సినిమా ఒకటి వేశారు. ప్రేమకథే, నవ్వించే కథ. ఆ రోజుల్లో జపాన్‌లో తెర పక్కన ఒకాయన నిలబడి అందరి మాటలూ తానే చెప్పేవాడట. సంఘం కార్యదర్శి అఖిల్ ఈ ముక్క అన్నాడో లేదో, హాలంతా గోవిందరాజులుగారి వైపు తిరిగింది. ఆయన అప్పటికే లేచి మైకు అందుకున్నారు.

తెరమీద గొడుగుల కొట్లో ఒక అమ్మాయి. ఆమెను చూడ్డానికి మండుటెండలో కూడా రోజుకో గొడుగు కొనే గుమాస్తా. గుమాస్తాకి గంభీరంగా, అమ్మాయికి సన్నగా గొంతు మార్చి ఆయన దంచేస్తున్నారు. "మీరెలా అంటే అలాగేనండీ," అంది అమ్మాయి, ఆయన నోటితో. జనం పొట్ట చెక్కలయ్యేలా నవ్వారు.

అమ్మాయి పెదవులు మళ్లీ కదిలాయి. ఈసారి వెనక వరుసలోంచి చంద్రిక లేచి వచ్చి, అఖిల్ చేతిలోని రెండో మైకు తీసుకుంది.

"ఏమండీ, నాకు ఫ్రైబర్గ్ జాబ్ కావాలి. ఇష్టం లేదని నేనెప్పుడన్నాను?"

ఇదీ ఆటలో భాగమే అనుకుని జనం గొల్లున నవ్వారు. గోవిందరాజులుగారికి సిగ్గేసింది, భయమూ వేసింది. తెరమీద గుమాస్తా తడబడుతూ ఏదో అంటున్నాడు. అతని మాట చెప్పాల్సింది ఈయనే. జన్మలో మొదటిసారి నోరు పెగల్లేదు. నవ్వులు ఒక్కొక్కటే ఆగిపోయాయి.

చివరికి గొంతు వచ్చింది. గుమాస్తాదీ కాదు, అమ్మాయిదీ కాదు, ఆయన సొంతమే.

"ఎప్పుడు చేరాలి?"

"ఒకటో తారీఖున," అంది చంద్రిక. "కాంట్రాక్ట్ నిన్ననే సైన్ చేసేశానండీ."