శవం కంట నీళ్లు

మాది జమ్మలమడుగు. పోయిన ఎండాకాలం గండికోటలో టీవీ సీరియల్ షూటింగ్‌కి, శవం చుట్టూ కూచుని ఏడ్చే ఆడవాళ్లు కావాలంటే మా వీధి వాళ్లమంతా వెళ్లాం. శవం వేషం ఎవరనుకున్నారు? నా పెళ్లికి ముందు ప్రొద్దుటూరు పోయి మరీ నేను ఎవరి సినిమాలు చూసేదాన్నో ఆ హీరోయినే! ఇప్పుడు అమ్మ వేషాలు వేస్తోంది. ముక్కులో దూది, మెడలో బంతిపూల దండతో పడుకుని ఉంది.

"యాక్షన్" అన్నారు గానీ నాకు ఏడుపు రాలేదు. పోయిన మా అమ్మను తలుచుకున్నా. అంతే! "నన్నిడిసిపెట్టి యాడికి పోతివే మాయమ్మా!" అని రాగం తీసి ఏడ్చేశా.

ఉన్నట్టుండి డైరెక్టర్ "కట్!" అని అరిచాడు. చూస్తే శవం కళ్ల వెంబడి నీళ్లు!

"ఏందక్కా, పీనిగనే ఏడిపిస్తివే!" అంది పక్కింటి మాబున్నీ. అందరూ నవ్వారు. నాకు తల కొట్టేసినట్టయింది. "తప్పయిందమ్మా" అన్నా.

ఆమె లేచి కూచుని నా చేయి పట్టుకుంది. "మా అమ్మ పోయిన రోజు నేను సెట్లో డ్యూయెట్‌కి డాన్స్ చేస్తున్నానమ్మా. ఏడవడానికి ఇవాళ కుదిరింది" అంది.

మేకప్ సరిచేసి మళ్లీ తీశారు. టీవీలో వచ్చింది ఆ రెండోసారి తీసిందే. అందులో ఇద్దరమూ బాగా నటించాం.