ఫిన్నీ మావ తుఫాను షాట్

విజయనగరంలో మా ఫిన్నీ మావ కెమెరామేన్. సినిమాలు తియ్యడు. పాత సినిమాలు ఎలా తీశారో చెప్పే డాక్యుమెంటరీలు తీస్తాడు. పెళ్ళికెళ్ళి వంటశాల చూసొచ్చే రకమని షాలినత్త అంటుంది.

అంతకుముందు పెళ్ళి వీడియోలు తీసేవాడు. పాస్టరుగారు ప్రార్థన చేద్దామనగానే కెమెరా ఆపేసి, టోపీ తీసి, కళ్ళు మూసుకునేవాడు. బాప్టిస్టు ఇంట్లో పుట్టినవాడు మరి. మా పెళ్ళిళ్ళలో సగం ప్రార్థనే కాబట్టి డీవీడీ కూడా సగమే వచ్చేది.

2016లో ఆయనకో పిచ్చి పట్టింది. కళింగపట్నంలో తీసిన ఓ నలుపు తెలుపు సినిమాలో పడవ తుఫానులో చిక్కుకునే సీనుంది. అదెలా తీశారో చెప్పగలిగిన మనిషి, ఆ షూటింగులో కూలికెళ్ళిన ఆ ఊరి దానమ్మ ఒక్కతే మిగిలింది. ఎనభై దాటింది. ఆమె చెప్పకపోతే అంతవరకూ తీసిందంతా దండగే.

ఆమె ఇంటి ముందు ఆరబెట్టిన ఎండుచేపల పక్కన ఆమెను కూర్చోబెట్టి మావ కెమెరా ఆన్ చేశాడు.

"ముందు ప్రార్థన సేద్దాంరా," అంది దానమ్మ.

మావ చెయ్యి అలవాటుగా కెమెరా ఆపేసింది. టోపీ వచ్చేసింది, కళ్ళు మూసుకుపోయాయి.

"పెబువా, ఆ దినాన పడవ నీళ్ళలో నేదు తండ్రీ, ఇసకలోనే ఉన్నాది. తాళ్ళు కట్టి మా ఆడోళ్ళమే ఊపేం. బిందెల్తో నీళ్ళు కొట్టేం. సినిమా ఈరోకి సముద్రమంటే బయం. మా సేతులు ఇరిగిపోకుండా కాసేవు. స్తోత్రం. ఆమెన్."

మావ కెమెరా మళ్ళీ పెట్టాడు. "ఇప్పుడు సెప్పమ్మా, తుఫాను ఎలాగ తీసేరు?"

"ఇప్పుడే సెప్పేను గదా."

"ఇంకొక్కసారమ్మా."

"దేవుడికి సెప్పింది మళ్ళీ నీకు సెప్పడమేటి? ఆయనకన్నా పెద్దోడివా?" అని కూర చూడ్డానికి లోపలికి పోయింది.

మావ మొహం ఎండుచేపల్లో కలిసిపోయింది. ఆమె అన్నం పెట్టాక గానీ భోజనానికి ముందు కూడా ప్రార్థన ఉంటుందని గుర్తురాలేదు. గబగబా కెమెరాను స్టాండు మీద నిలబెట్టి ఆన్ చేశాడు.

"అమ్మా, ఆ పడవకి స్తోత్రం ఒక్కసారి సాల్తాదా?"

దానమ్మ ఆలోచించింది. "నిజమేరా. స్తోత్రానికి లెక్క నేదు. కళ్ళు మూసుకో."

"నాను కెమెరా సూసుకోవాలమ్మా."

"అయితే కూడు సల్లారిపోతాది. నువ్వు మూసేదాకా నాను మొదలెట్టను."

మూసుకున్నాడు. ఈసారి ఆమె పడవకి కట్టిన తాళ్ళ ముడులతో సహా చెప్పింది.

ఆయన తీసినవాటన్నిటిలో బాగా వచ్చిన షాట్ అదేనని షాలినత్త తీర్పు, తీస్తున్నప్పుడు ఆయన చూడలేదు గనక. ఫ్రేము కాస్త వంకర. ఓ మూలన మావ కళ్ళు మూసుకుని ఉంటాడు. ఆయన వెనకాల పిల్లి తీరిగ్గా చేపను ఎత్తుకుపోతుంటుంది.